చెయ్యి ఊపింది నేనే

సమన్లు తెచ్చిన కానిస్టేబులు మజ్జిగ తాగి వెళ్ళిపోగానే ఉమాశంకర్ తల్లిని అరుగు మీద కూర్చోబెట్టి పాఠం మొదలుపెట్టాడు. అన్నపూర్ణమ్మ బడికి పోయింది మొత్తం రెండేళ్ళే. అరవై దాటాక మళ్ళీ ఒకరు ఎదురుగా కూర్చుని పాఠం చెబుతుంటే మొదట్లో ఆమెకు ముచ్చటగానే ఉంది.

“మా, బాగా ఇను. మూడే మాటలు. నేను రోడ్డు పక్కన నిలబడి ఉండాను. బండి స్పీడుగా వచ్చింది. నన్ను గుద్దింది. ఇంక ఏమడిగినా తెలీదు అను.”

“మరి ఉలవలు?”

“ఏ ఉలవలు?”

అన్నపూర్ణమ్మ కొడుకు మొహంలోకి చూసింది. వాడు తలుపు వైపు చూశాడు. తలుపు దగ్గర కోడలు దీప చేటలో బియ్యం ఏరుతోంది, ఏరిన చోటే మళ్ళీ ఏరుతోంది. రెండేళ్ళ కిందటి సంగతిలో తనకు తెలియనిది ఇంకా ఏదో ఉందని ముసలామెకు అప్పుడు అనుమానం వచ్చింది.

ఆ సంగతి నక్కలవంకలో పిల్లా పెద్దా అందరికీ తెలిసినదే. మదనపల్లె నుంచి పుంగనూరు పోయే దారిలో రోడ్డుకు అటూ ఇటూ నూరు ఇళ్ళు, అదే నక్కలవంక. వెనకటికి ఉలవ చెట్లు పీకితే కళ్ళంలో పరిచి ఎద్దులతో తొక్కించేవాళ్ళు. ఎద్దులు పోయాయి, కళ్ళాలు ఇళ్ళ స్థలాలయ్యాయి. తారు రోడ్డు మాత్రం నున్నగా, వెడల్పుగా, అడిగేవాడు లేకుండా ఊరి ముందర పడి ఉంది. ఎండిన ఉలవ చెట్లను దాని మీద పరిస్తే చాలు, బస్సులూ లారీలూ తొక్కుకుంటూ పోతాయి, కాయలు పగిలి గింజలు రాలుతాయి. సాయంత్రం గింజ రాలిన చెట్ల కట్టెను ఎత్తి పక్కన వేసి, గింజలు ఊడ్చుకుని తూర్పార పట్టుకోవడమే. రోడ్డు మీద పంట పరచరాదని అధికారులు ఊరి మొదట్లో బోర్డు పాతారు. ఆ బోర్డు నీడన కూర్చునే ఆడవాళ్ళు సద్ది తింటారు.

చిక్కల్లా డ్రైవర్లతోనే. కొందరు ఉలవలను తప్పించి అవతలి పక్కగా పోతారు. అందుకని ఆడవాళ్ళు చెట్లను తిరగేసే పంగలకర్ర పట్టుకుని రోడ్డు అంచున నిలబడి, వచ్చే ప్రతి బండికీ చెయ్యి ఊపుతారు. “ఎక్కించు నాయనా, ఎక్కించి పో!” మనసున్నవాడు నెమ్మది చేసి చక్రాలు ఉలవల మీదికి పోనిస్తాడు. మనసు లేనివాడు హారన్ కొట్టి చక్కా పోతాడు. లోకంలోని మగవాళ్ళందరినీ అన్నపూర్ణమ్మ ఈ రెండు జాతులుగానే విడదీసి పెట్టుకుంది.

ఆ రోజు మధ్యాహ్నం మదనపల్లె మార్కెట్లో టమాటాలు దించేసి, ఖాళీ క్రేట్లతో ఒక పికప్ బండి కుప్పం తిరిగి పోతోంది. ఉలవలను తప్పించి పోబోతుంటే అన్నపూర్ణమ్మ చెయ్యి ఊపింది. డ్రైవరు నవ్వాడు, వేగం తగ్గించి బండిని ఉలవల మీదికి ఎక్కించాడు. తొక్కడం అయిపోయిన కట్టెను రోడ్డు అంచున కుప్ప పోసి ఉన్నారు. అందులో దాక్కుని ఉన్న ఆమె మనవరాలు, అయిదేళ్ళ కీర్తి, “అవ్వా!” అని కేకేస్తూ సరిగ్గా బండి ముందుకు దూకింది. డ్రైవరు స్టీరింగు పూర్తిగా తిప్పేశాడు. బండి బిడ్డను తప్పించింది. ఉలవ కట్టె మీద చక్రాలు జారి ఇటు అవ్వ మీదికి వచ్చింది. వెనకున్న కల్వర్టు గోడకూ బంపరుకూ నడుమ ఆమె కుడికాలు నలిగింది.

అంత నొప్పిలోనూ అన్నపూర్ణమ్మ కళ్ళు వెతికింది కీర్తినే. బిడ్డ రోడ్డు నడుమ నిలబడి ఉంది. గౌను నిండా పొట్టు, ఒంటి మీద గీత లేదు. డ్రైవరు దిగి ముందు బిడ్డ దగ్గరికి పరిగెత్తాడు, తల నుంచి పాదాల దాకా తడిమి చూశాడు. తర్వాత తన తుండుగుడ్డ చింపి అవ్వ కాలికి కట్టాడు, తన బండిలోనే మదనపల్లె ఆసుపత్రికి తోలుకుపోయాడు. దారి పొడుగునా “అమ్మా, పలుకు, కండ్లు మూయొద్దు” అంటూనే ఉన్నాడు. ఆసుపత్రి మెట్ల దగ్గర పోలీసులు అతన్ని పక్కకు పిలిచారు. ఆ తర్వాత ఆమె అతన్ని చూడలేదు.

చూడకపోయినా మరిచింది లేదు. కీర్తి బడి నుంచి వచ్చి సంచి విసిరేసిన ప్రతి సాయంత్రం అన్నపూర్ణమ్మ లోపల్లోపల ఆ మనిషికి దండం పెట్టుకుంటుంది. రోడ్డు మీద టమాటా బండి కనిపిస్తే లోపల ఎవరున్నారా అని మెడ చాచి చూస్తుంది. కేసు ఉందని తెలుసు. జరిగింది జరిగినట్టు రాసి ఉంటారు, ఏదో ఒక రోజు కొట్టేస్తారు అనుకుంది.

“చెప్పురా, ఉలవలు ఏమైనాయి?” అని మళ్ళీ అడిగింది.

ఉమాశంకర్ ఇక దాచలేకపోయాడు. “నిన్ను బండిలో ఎక్కించినాక అందరం కలిసి రోడ్డంతా ఊడ్చేస్తిమి. పోలీసోళ్ళు వచ్చేసరికి ఒక గింజ లేదు. రోడ్డు మీద పంట పరిచినందుకు మన మీద కేసు పడుతుందని భయం మా. ఆసుపత్రిలో స్టేట్‌మెంటు నేనే చెప్పినా. నువ్వు మత్తులో తల ఊపినావు.”

“కీర్తి దూకింది చెప్పలేదా?”

“బిడ్డ పేరు కాయితంలో యాడా లేదు.”

అన్నపూర్ణమ్మ ఆ కాగితాన్ని మనసులో గీసి చూసుకుంది. పట్టపగలు, శుభ్రమైన రోడ్డు, ఎదురుగా ఏ అడ్డమూ లేదు. అయినా బండి పక్కకు వచ్చి ముసలామె కాలు విరిచింది. అది చదివినవాడెవడైనా ఆ డ్రైవరు తాగి ఉన్నాడనో, నిద్రపోయాడనో అనుకుంటాడు. నిజంగా జరిగిన దాన్లో మంచి ఏదైనా ఉందంటే అది బిడ్డ బతకడం. ఆ బిడ్డనే కాగితంలోంచి ఊడ్చేశారు. అంత కోపం ఆమెకు మొగుడు పోయిన నాడు దేవుడి మీద కూడా రాలేదు. ఆ రోజు నుంచి కొడుకుతో మాట మానేసింది.

వారం తిరిగాక “కాలు చూపించుకోవాల” అని చెప్పి కోడల్ని వెంటబెట్టుకుని బయల్దేరింది. మదనపల్లె బస్సు వస్తే ఎక్కలేదు. పుంగనూరు పోయి, అక్కడ పలమనేరు బస్సు పట్టి, అక్కడి నుంచి కుప్పం. ఎక్కడికి పోతున్నారో దీపకు మొదటి బస్సు వదిలేసినప్పుడే తెలిసిపోయింది.

కుప్పంలో బండ్ల స్టాండు దగ్గర, సమన్లలో ఉన్న డ్రైవరు పేరు చెప్పి అడిగితే సిరాజుద్దీన్ ఇల్లు చూపించారు. రేకుల ఇల్లు. వాకిట్లో అతని భార్య నూరున్నీసా మిషన్ మీద జాకెట్లు కుడుతోంది. కర్ర ఊనుకుని వచ్చిన పెద్దామెకు, ఎవరో తెలియకపోయినా, లేచి కుర్చీ వేసింది. ఎవరో తెలిశాక ఆమె మొహం మారింది.

“ఇంకా ఏమన్నా మిగిలుండాదా అమ్మా, మా మీద రాసేదానికి?”

ఆ మాట తగిలింది. తగలవలసిందే అనుకుని అన్నపూర్ణమ్మ తల వంచుకుంది.

కాసేపటికి సిరాజుద్దీన్ వచ్చాడు. నలభై అయిదేళ్ళుంటాయి, భుజం మీద గోనెపట్టా, చొక్కా నిండా మట్టి. మార్కెట్లో మూటలు దించే పనికి పోతున్నాడట. ముసలామెను గుర్తుపట్టి గడప దగ్గరే ఆగిపోయాడు. తిడతాడేమో అనుకుంది ఆమె, తిట్టనీ అనుకుంది.

“పాప ఎట్లుండాది అమ్మా?” అన్నాడు.

రెండేళ్ళుగా అతనికి చెప్పాలని దాచిపెట్టుకున్న మాటలన్నీ ఆ ఒక్క ప్రశ్నతో ఎటో పోయాయి. అన్నపూర్ణమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని ఏడ్చేసింది. దీప లేచి అతని కాళ్ళకు దండం పెట్టబోతే అతను కంగారుపడి వెనక్కి జరిగాడు.

“బాగుండాది నాయనా,” అంది చివరికి. “రెండో క్లాసు. నోటికి గడియ లేదు.”

“మీ కాలు?”

“ఇనప కడ్డీ ఏసినారు. నేను పోయినా అది పోదంట.”

నూరున్నీసాకు నవ్వు వచ్చింది, ఆపుకుంది, లోపలికి పోయి టీ పెట్టింది. గాజు గ్లాసు చేతిలోకి తీసుకుని అన్నపూర్ణమ్మ “బండి తోలడం లేదా?” అని అడిగింది.

“లైసెన్సు కోర్టులో ఉండాది. అది ఇచ్చినా తోలలేనమ్మా. స్టీరింగు ముందర కూసుంటే చేతులు వణుకుతాయి. ఇట్ల తిప్పుదునా అట్ల తిప్పుదునా అని అదే ఆలోచన. ఎట్ల తిప్పినా ఆడ ఎవురో ఒకరు ఉంటారు.” అతను గోనెపట్టా మడిచి పక్కన పెట్టాడు. “ఉలవల సంగతి, పాప సంగతి మా వకీలమ్మకు చెప్పినా. నమ్మింది. నువ్వు చెప్తే సాలదు, చూసినోళ్ళు కావాల అనింది. మీ ఊర్లో ఎవురూ రాము అనిరి.”

“నాకు పిలుపు వచ్చుండాది.”

“మీకు కష్టం వచ్చే మాట చెప్పొద్దమ్మా. పిల్లాజెల్లా ఉండే ఇల్లు.”

తాను విడదీసి పెట్టుకున్న రెండు జాతుల్లో ఇతను ఏ జాతివాడో ఆమెకు రెండేళ్ళ ముందే తెలుసు. తెలిసినదే మళ్ళీ చూస్తుంటే కడుపు నిండింది.

ఇంటికి వచ్చి ఆ సాయంత్రం కొడుకుతో మాట కలిపింది. “కోర్టులో ఉన్నదున్నట్టు చెప్తాండా.”

“మన మీద కేసు పడితే మా? బీమాకు పెట్టిన అర్జీ కూడా పోతుంది.”

“పోనీ.”

ఉమాశంకర్ చెడ్డవాడు కాదు. భయస్థుడు, అంతే. ఇంకేదో అనబోయాడు. చేట కింద పెట్టి దీప ముందుకు వచ్చింది. “బిడ్డ ఆడ ఆడుకుంటా ఉంటే నేను నీళ్ళకు పోయింటి. అది కూడా చెప్పు అత్తా,” అంది. ఉమాశంకర్ భార్యనూ తల్లినీ మార్చి మార్చి చూశాడు. వాయిదా రోజు పొద్దున్నే బైకు తుడిచి, తల్లి కూర్చోవడానికి సీటు మీద దుప్పటి మడిచి వేసి, వాకిట్లో నిలబడ్డాడు.

పుంగనూరు కోర్టులో అన్నపూర్ణమ్మ సాక్షి బోను మెట్టు ఎక్కలేకపోతే మేజిస్ట్రేటు గారు కింద కుర్చీ వేయించారు. సిరాజుద్దీన్ ఎదురుగా చేతులు కట్టుకుని నిలబడి ఉన్నాడు. ప్రభుత్వ వకీలు ఫైలు తెరిచి మర్యాదగానే అడిగాడు.

“బండి ఎట్లా వచ్చిందమ్మా?”

“నిదానంగా వచ్చింది సార్.”

వకీలు ఫైలు చూశాడు, ఆమెను చూశాడు. “స్పీడుగా వచ్చిందని పోలీసులకు చెప్పారు కదా?”

“మత్తులో తల ఊపినా సార్. ఇప్పుడు తెలివితో చెప్తాండా. రోడ్డు మీద ఉలవలు పరిచింది నేను. డ్రైవరు ఆయప్ప పక్కన పోతా ఉంటే పిలిచింది నేను. చెయ్యి ఊపింది నేనే. ముసలిదాని మాట మన్నించి ఎక్కించినాడు. నా మనవరాలు కుప్పలోంచి ముందరికి దూకింది. బిడ్డను తప్పించబోయి నా మీదికి వచ్చినాడు. పోలీసోళ్ళు వచ్చేలోపల మావాళ్ళు రోడ్డు ఊడ్చేసినారు. ఇదీ జరిగింది.”

మేజిస్ట్రేటు గారు పెన్ను ఆపారు. “అమ్మా, నీ మీదికే తప్పు వచ్చే మాటలు చెప్పమని నిన్నెవరూ బలవంతం చేయరు. రోడ్డు మీద పంట పరచడం నేరం. తెలుసా?”

“ఇప్పుడు తెలుసు సార్. ఆ నేరం నాది. నా పేరు మీద రాసుకోండి. ఆయప్ప పేరు మీద యాల?”

ప్రభుత్వ వకీలుకు అది మింగుడు పడలేదు. సాక్షి ఎదురు తిరిగిందని చెప్పి, అనుమతి తీసుకుని, ఈసారి గట్టిగా అడిగాడు. “నువ్వు కుప్పంలో ముద్దాయి ఇంటికి పోయినావా?”

“పోయినా. టీ కూడా తాగినా.”

“ముద్దాయి నీకేమిచ్చాడు?”

“ఇచ్చినాడు సార్,” అంది అన్నపూర్ణమ్మ. “నా మనవరాల్ని ఇచ్చినాడు. రెండేండ్ల ముందే ఇచ్చినాడు.”

వెనక బల్ల మీద ఉమాశంకర్ తల దించుకున్నాడు. ప్రభుత్వ వకీలు ఫైలు మూసి కూర్చున్నాడు.

తర్వాతి వాయిదాలకు ఆమెను ఎవరూ పిలవలేదు. అయినా పోయింది, కర్ర కాళ్ళ దగ్గర పెట్టుకుని వెనక బల్ల మీద కూర్చుంది. దీప కూడా వచ్చి తనకు తెలిసింది చెప్పింది. చివరగా మేజిస్ట్రేటు గారు సిరాజుద్దీన్‌ను, బ్రేకు వేయకుండా బండి ఎందుకు తిప్పావని అడిగారు.

ఏదో ఒకటి తెలివిగా చెప్పుకోవచ్చు అక్కడ. ఉలవ కట్టె మీద బ్రేకు వేస్తే బండి జారి బిడ్డ మీదికే పోతుందని లెక్క వేసుకుని తిప్పానని అనవచ్చు. ఆ మాట అంటే బాగుండునని అన్నపూర్ణమ్మ కూడా అనుకుంది.

“ఏమీ అనుకోలేదు సార్. అనుకునేంత టైము లేదు. బిడ్డ కనపడింది, చేతులు తిరిగిపోయినాయి. ఆ పక్క అమ్మ నిలబడి ఉండేది నాకు తెలుసు. అయినా తిరిగిపోయినాయి.”

ప్రభుత్వ వకీలు ఆ మాటనే పట్టుకున్నాడు. ముసలామె అటు ఉందని తెలిసీ తిప్పాడు, తిన్నగా బ్రేకు వేసి ఉంటే ఇద్దరూ దెబ్బ తగలకుండా బయటపడేవారేమో, డ్రైవరన్నవాడికి ఆ మాత్రం జాగ్రత్త వద్దా అన్నాడు. సిరాజుద్దీన్ వకీలు వసుధ, ముప్పై దాటని పిల్ల, లేచి నిదానంగా జవాబు చెప్పింది. “జాగ్రత్తకు కొలత ఉంటుంది సార్. మనం ఇక్కడ ఫ్యాను కింద కూర్చుని రెండేళ్ళు ఆలోచించాం. ఇప్పటికీ బ్రేకా, స్టీరింగా అని తేల్చుకోలేకపోతున్నాం. ఆయనకు దొరికింది రెప్పపాటు. మన కొలతతో ఆయన్ని కొలిస్తే న్యాయం కాదు. ఆ ఆపదను తానే తెచ్చుకుని ఉంటే అది వేరే సంగతి. వేగంగా వచ్చి ఉంటే, తాగి ఉంటే, నేను ఈ మాట అనను. ఆయన నెమ్మదిగా వచ్చాడు, అది కూడా ఒక పెద్దామె పిలిస్తే వచ్చాడు.”

తీర్పు రోజు మేజిస్ట్రేటు గారు ఇంగ్లీషులో చదివి, వెనక బల్ల వైపు చూసి, తెలుగులో కూడా చెప్పారు. తాను తెచ్చిపెట్టని ఆపద ఎదురైనప్పుడు, ఆలోచించే వ్యవధి లేనప్పుడు, మామూలు మనిషి ఏది చేస్తాడో అది చేసినవాణ్ని, ఇంకోటి చేసి ఉంటే మేలేమో అని తర్వాత తోచినంత మాత్రాన, నిర్లక్ష్యం చేశాడని అనలేమన్నారు. కేసు కొట్టేశారు. నక్కలవంకలో రోడ్డు మీద ఇంకెవరైనా పంట పరిస్తే ఊరుకునేది లేదని కూడా అన్నారు. అన్నపూర్ణమ్మ రెండు చేతులూ ఎత్తి దండం పెట్టింది. జడ్జికీ, వసుధకూ, దేవుడికీ, అందరికీ కలిపి పెట్టేసింది. బయట వేపచెట్టు కింద నూరున్నీసా ఆమెను గట్టిగా కావలించుకుంది.

ఆ ఏడు ఉలవలు పీకే వేళకు ఉమాశంకర్ ఇంటి వెనక స్థలంలో రాళ్ళు ఏరి, దిమ్మిస కొట్టి, పేడతో అలికి కళ్ళం చేశాడు. ఊళ్ళో ఒకరి పికప్ బండి అడిగి తెచ్చి దాని పక్కన పెట్టాడు. తర్వాత తానే కుప్పం పోయి సిరాజుద్దీన్‌నూ నూరున్నీసానూ పిలుచుకు వచ్చాడు. దారిలో క్షమాపణ చెప్పాలని చాలాసార్లు నోరు తెరిచాడట, మాట రాలేదట. ఇంటికి వచ్చాక బండి తాళం తీసి అతని చేతిలో పెట్టాడు.

“అన్నా, ఉలవలు తొక్కించాల.”

“నేనా? లైసెన్సు వచ్చింది గానీ అప్పా, నేనింకా...”

“నువ్వే.”

సిరాజుద్దీన్ బండి చుట్టూ ఒకసారి తిరిగి చూశాడు. ఎక్కి కూర్చున్నాడు. ఇంజను మోగింది. కళ్ళం నిండా ఎండిన ఉలవ చెట్లు మోకాలెత్తున పరిచి ఉన్నాయి. కీర్తిని దీప అరుగు మీద ఒళ్ళో పట్టుకుని కూర్చుంది. నూరున్నీసా కుట్టి తెచ్చిన కొత్త గౌను వేసుకుని ఆ పిల్ల మెడ నిక్కించి చూస్తోంది. బండి కదలలేదు. స్టీరింగు మీద అతని చేతులు వణుకుతుండడం అన్నపూర్ణమ్మకు అంత దూరం నుంచీ కనిపించింది.

ఆమె గోడకు ఆనించిన పంగలకర్ర తీసుకుంది. ఒక చేతిలో అదీ, ఇంకో చేతిలో చేతికర్రా ఊనుకుంటూ కళ్ళం అంచుకు పోయింది. ఆ రోజు రోడ్డు అంచున ఎంత ఎడంలో నిలబడిందో అంతే ఎడంలో నిలబడింది.

“అమ్మా, దూరం పోండి!” సిరాజుద్దీన్ కిటికీలోంచి అరిచాడు. “ఉమాశంకరప్పా, అమ్మను పక్కకు పిలువు!”

“యాల పోవాల? నేను ఈడే ఉంటా,” అంది అన్నపూర్ణమ్మ. ఉమాశంకర్ అడుగు ముందుకు వేయబోతే కళ్ళతోనే ఆపింది. చేతికర్రను చంకలో ఇరికించుకుని, చెయ్యి పైకెత్తి ఊపింది.

“ఎక్కించు నాయనా!”

బండి కదిలింది. చక్రాల కింద ఉలవ కాయలు పటపట పగిలాయి. అన్నపూర్ణమ్మ ఉన్నచోటు నుంచి అడుగు కూడా జరగలేదు. బండి ఆమె పక్కగా, నిదానంగా, తిన్నగా పోయింది. అవతలి చివర మలుపు తీసుకుని మళ్ళీ వచ్చింది. మూడోసారి వచ్చేటప్పుడు సిరాజుద్దీన్ చేతులు వణకడం లేదు.